ఉల్లిపాయలు వేగేదాకా

"ఇవి బురదలా ఉన్నాయండీ," అన్నాడు కెమెరా అతను, గిన్నెలోకి తొంగి చూసి.

సూప్ కోసం ఆఫీసు వంటగదిలో గంటకు పైగా పొయ్యి దగ్గర నిలబడి, భుజం లాగేలా గరిటె తిప్పి, గిన్నెడు ఉల్లిపాయలు గుప్పెడయ్యేదాకా వేయించినవి అవి. పచ్చిదనం పోయి, తేనె రంగు దాటి, చూడగానే నోరూరే గోధుమ రంగులోకి వచ్చాయి. వాటిని పట్టుకుని బురద అంటాడా.

"ఏమన్నారు?" అంది పెంకి.

పెంకి ఆమె అసలు పేరు కాదని వేరే చెప్పనక్కర్లేదు. మాటలు వచ్చిన దగ్గర్నుంచీ ఎవరి మాటా వినదని ఇంట్లో పెట్టిన పేరు. ఆ పేరు ఆమెకంటే ముందే ఈ ఆఫీసుకు చేరిపోయింది. ఈ వంటల పత్రిక ఎడిటరు స్వయానా ఆమె మేనత్త మరి. మేనకోడల్ని ఉద్యోగంలోకి తీసుకుంటూ, "మా పెంకి వస్తోంది, జాగ్రత్త," అని అందరికీ చెప్పి పెట్టింది మహాతల్లి.

"తప్పుగా అనుకోకండి," అన్నాడతను. "రుచి సంగతి నాకు తెలీదు. నేను చెప్పేది కెమెరా సంగతి. ఇంత ముదురు రంగు ఫొటోలో పడితే చూసేవాళ్ళు పేజీ తిప్పేస్తారు. సగం వేగినవి ఉంటే ఇవ్వండి. పైన కాఫీ నీళ్ళు బ్రష్‌తో పూస్తాను. అడుగున బంగాళాదుంప ముద్ద పెట్టి, పైన క్రీమ్ పోస్తే బ్రహ్మాండంగా వస్తుంది."

"ఏ క్రీమ్?"

అతను చొక్కా జేబులోంచి ఒక సీసా తీసి బల్ల మీద పెట్టాడు. తెల్ల జిగురు. చెక్క సామాను అతికించుకునే జిగురు.

"నిజం క్రీమ్ లైట్ల వేడికి విరిగిపోతుంది," అన్నాడు, ఏదో మహా విద్య నేర్పుతున్నట్టు. "ఇదైతే సాయంత్రం దాకా ఇలా మెరుస్తూనే ఉంటుంది. అందుకే ఇక్కడ నన్ను అందరూ జిగురు అంటారు. మీరూ అనొచ్చు, నాకేం పట్టింపు లేదు."

పెంకికి ఒళ్ళు మండిపోయింది. "జనం వండుకుందామని కొనే పుస్తకంలో జిగురు ఫొటో వేస్తారా? సిగ్గనిపించదా మీకు? అది అబద్ధం కదా."

అతనికి కోపం రాలేదు. రాకపోగా నవ్వాడు. నవ్వితే ఎడమ చెంప మీద సొట్ట పడుతుంది. ఆ సొట్టను గమనించినందుకు పెంకికి తన మీద తనకే మరింత మండింది.

"మీరు రాసేది నిజమాండీ? 'ఉల్లిపాయలు ఎర్రగా వేగేదాకా, పది నిమిషాలు' అని ప్రతి వంటలోనూ చూస్తుంటాను. వేగుతాయా పది నిమిషాల్లో? నేను జిగురు పూస్తాను, మీరు గడియారం ముల్లు తిప్పుతారు. ఇద్దరం ఒక్క బడిలో చదివినవాళ్ళమే."

మాటకు మాట చెప్పకుండా పెంకి ఎవరినీ వదిలిన రోజు లేదు. ఈరోజు వదిలేసింది. ఎందుకంటే అతను అన్నది నిజం. ఆ నిజం కోసమే ఆమె ఈ ఉద్యోగానికి వచ్చింది.

ఆ కథ చెప్పుకోవాలి.

చదువు కోసం మొదటిసారి గది అద్దెకు తీసుకుని ఒంటరిగా ఉన్న రోజుల్లో, పెంకి మొదటిసారి వండబోయింది ఈ సూపే. క్రీమీ ఆనియన్ చీజ్ సూప్. అత్త పత్రికలోదే. పది నిమిషాలు వేయించమన్నారు, వేయించింది. ఉల్లిపాయలు తెల్లగా, మెత్తగా, నీళ్ళు కారుతూ చూశాయి ఆమె వైపు. మంట పెంచితే అంచులు మాడాయి, మధ్యలో పచ్చిగానే ఉన్నాయి. సరే పోనీ అని పాలు పోసి చీజ్ వేస్తే ఉండలు కట్టింది. ఫోన్లో నాన్నకు చెబితే, "నీకెందుకమ్మా ఆ తిప్పలు, నీ చేతికి వంట రాసిపెట్టి లేదు," అని నవ్వాడు. పెంకి గిన్నె కడుగుతూ ఏడ్చింది.

ఏళ్ళ తరబడి అలాగే నమ్మింది. తప్పు తనదే, తనకు చేతకాదు అని. ఒక ఆదివారం మళ్ళీ ఉల్లిపాయలు సన్నటి సెగ మీద పెట్టి, నాన్నతో ఫోన్లో పోట్లాటలో పడి, పొయ్యి సంగతే మర్చిపోయింది. వచ్చి చూస్తే గిన్నెలో గోధుమ రంగు. ఇల్లంతా కమ్మటి వాసన. అప్పుడు తెలిసింది, తన చేతికి ఏ రోగమూ లేదని. పుస్తకంలో రాసిన టైమే తప్పని.

ఆ రోజు ఆమెకు సంతోషం కంటే కోపం ఎక్కువ వచ్చింది. ఇలా ఎంతమంది గిన్నెలు కడుగుతూ ఏడ్చి ఉంటారు అనుకుంది. ఎక్కడ తప్పు రాశారో అక్కడే కూర్చుని దిద్దాలి అనుకుంది. నాన్న ఒప్పుకోలేదు. ఆయనకు పైపులూ కుళాయిలూ అమ్మే షాపు ఉంది, అందులో కూతురి కోసం ఒక కుర్చీ కూడా ఉంది. చివరికి అత్త రాజీ కుదిర్చింది. ఒక్క సంచికకు ట్రయల్. నచ్చితే ఉద్యోగం ఖాయం, లేకపోతే నోరు మూసుకుని వచ్చి షాపులో కూర్చోవాలి. అత్త నచ్చకపోవడానికి కారణం వెతకదని పెంకి ధీమా.

ఆ ధీమా ఆ సాయంత్రమే నీరుగారిపోయింది.

అత్త గదిలో బల్ల మీద కవరు పేజీ నమూనా పడి ఉంది. పెద్ద అక్షరాలతో, "ఇంట్లోనే క్రీమీ ఆనియన్ చీజ్ సూప్! ఇరవై నిమిషాల్లో!" అని.

"అత్తా, ఇది అవదు," అంది పెంకి.

"ఆఫీసులో మేడమ్."

"మేడమ్, ఇది అవదు. ఇరవై నిమిషాలకు ఉల్లిపాయలోని నీళ్ళు కూడా పూర్తిగా ఇగరవు. ఎర్రగా వేగడానికే గంట కావాలి. నేను రాసింది చదివారా?"

"చదివాను." అత్త కళ్ళజోడు తీసి ఒక కాగితం అందుకుంది. "'గంట పడుతుంది. తొందరగా కావాలంటే వేరేది వండుకోండి.' ఇది వంటల పత్రికలో రాసే మాటేనా? డబ్బు పెట్టి కొన్నవాళ్ళను పొమ్మంటావా?"

"మోసం చెయ్యనంటున్నాను."

"పెంకీ, విను. గంట అని వేస్తే ఎవరూ వండరు. ఇరవై అని వేస్తే సరదాపడి మొదలుపెడతారు. మొదలుపెట్టాక కాస్త ఎక్కువ పట్టిందనుకో, కొంప మునిగిందా? ఇన్నేళ్ళుగా పత్రిక నడుపుతున్నాను, నాకు తెలీదా?"

"నేను ఇరవై అని రాయను."

"అయితే నేను రాస్తాను. నీ పేరు తీసేస్తాను. ట్రయల్ అయిపోయిందని మీ నాన్నకు ఫోన్ కూడా చేస్తాను." అత్త కళ్ళజోడు మళ్ళీ పెట్టుకుంది. "ఎల్లుండి మీ ఇంట్లోనే షూటింగ్. ఇంట్లో వండుకునే సూప్ కదా, ఇల్లులాంటి ఇల్లు కావాలి. మీ వంటగది కిటికీలోంచి వెలుగు బాగా వస్తుందన్నాడు జిగురు. ఆ లోపు బాగా ఆలోచించుకో."

పెంకి విసురుగా బయటికి వచ్చేసరికి బయట వాన. గొడుగు లేదు. ఆఫీసు పక్కన చెప్పుల దుకాణం చూరు కింద నిలబడింది. అక్కడ ముందే ఒకడున్నాడు, కెమెరా సంచీని కన్నబిడ్డలా గుండెలకు పొదువుకుని.

"లోపల గొడవైనట్టుంది," అన్నాడు జిగురు. "మెట్ల దాకా వినపడింది."

"వినపడితే చెవులు మూసుకోవాల్సింది."

"కెమెరా పట్టుకున్నానండీ. చేతులు ఖాళీ లేవు."

నవ్వు రాకూడదని పెంకి పెదవి కొరుక్కుంది. వాన చూరు అంచుల మీంచి ధారలుగా కారి ఇద్దరి కాళ్ళనూ సమానంగా తడిపింది. అతను తన పక్క కాస్త పొడిగా ఉన్న చోటు ఆమెకు వదిలి, తను తడిలోకి జరిగాడు. ఏం మాట్లాడకుండా జరిగాడు కనుక ఆమె కూడా ఏం అనకుండా వచ్చి నిలబడింది.

"ఒకటి అడగనా?" అన్నాడు జిగురు. "నిజంగా గంట పడుతుందా?"

"పడుతుంది."

"మరి నేను ఒకసారి పుస్తకం చూసి పది నిమిషాల్లో వేయించబోయి మాడ్చేశాను. మా అన్నయ్యా వదినా ఊరెళ్ళినప్పుడు. వాళ్ళు వచ్చేసరికి ఇల్లంతా పొగ. 'నువ్వు ఫొటోలే తీసుకో నాయనా, స్టవ్ జోలికి రాకు,' అంది వదిన. అప్పట్నుంచీ స్టవ్ ముట్టుకోలేదు. నేను తీసిన ఇన్ని ఫొటోల్లో ఒక్క ముద్ద కూడా ఎవరూ తినలేదు తెలుసా? నేనూ తినలేదు."

అతను నవ్వుతూనే చెప్పాడు కానీ పెంకికి నవ్వు రాలేదు. గిన్నె కడుగుతూ ఏడ్చిన అమ్మాయి గుర్తొచ్చింది.

"మీకు చేతకాక కాదు," అంది. "మీకు తప్పు చెప్పారు."

అతను ఆమె వైపు తిరిగి చూశాడు. వానలో చూపులు కలవడం గురించి కథల్లో బోలెడు రాస్తారు. ఇక్కడ జరిగింది అంతకంటే చిన్నది. అతని కళ్ళజోడు మీద నీటి చుక్కలున్నాయి, తుడుచుకోవడానికి చేతులు ఖాళీ లేవు. ఆమె కొంగు అంచుతో తుడవబోయి, చెయ్యి సగంలో ఆపి, కెమెరా సంచీ తనే అందుకుంది. "తుడుచుకోండి," అంది.

ఆ కెమెరా సంచీ పట్టుకునే పందెం కట్టింది పెంకి.

"నేను రాసిన కాగితం ఇస్తాను. మీరు మీ ఇంట్లో వండండి. ఒక్క ముక్క ఎక్కువ చెప్పను. కుదిరితే మీరు నిజం సూప్‌కి ఫొటో తియ్యాలి, బురద రంగులోనే తియ్యాలి. జిగురు ముట్టుకోకూడదు."

"కుదరకపోతే?"

"అత్త చెప్పినట్టు ఇరవై అని రాసేస్తాను."

"అంత ఉద్యోగం తీసుకొచ్చి నా చేతిలో పెడుతున్నారా? నా చేతి సంగతి ఇప్పుడే కదండీ చెప్పాను."

"అందుకే పెడుతున్నాను," అంది పెంకి. "మీకు కుదిరితే ప్రపంచంలో అందరికీ కుదురుతుంది."

అతను చాలాసేపు నవ్వాడు. తర్వాత ఆమె సంచీలోంచి తీసిచ్చిన కాగితం మడిచి, జిగురు సీసా పెట్టుకునే జేబులో జాగ్రత్తగా పెట్టుకున్నాడు.

షూటింగ్ రోజు పొద్దున్నుంచీ పెంకి ఇల్లు సర్దుతూనే ఉంది. రెండు గదులు, ఒక వంటిల్లు. వంటింటికి పెద్ద కిటికీ. ఉల్లిపాయలు వేయించీ వేయించీ ఆ ఇంటి గోడలకు, తెరలకు, ఆమె జుట్టుకు కూడా ఆ వాసన పట్టేసింది. ముక్కు ఎప్పుడో చేతులెత్తేసింది.

జిగురు వచ్చాడు. భుజాన స్టాండు, చేతిలో తువ్వాలు చుట్టిన గిన్నె. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. గిన్నెను స్టవ్ పక్కన దించి, తువ్వాలు విప్పి, మూత సరిచేశాడు.

"ముట్టుకోకండి," అన్నాడు. "కిందికెళ్ళి లైట్లు తెస్తాను. మేడమ్ కూడా దిగుతున్నట్టున్నారు."

'ముట్టుకోకండి.' ఆఫీసులో రోజూ వినే మాటే అది. తడి ఆరని జిగురు దగ్గర అనే మాట. పెంకి మూత తీసి చూసింది. పైన తెల్లటి క్రీము, గీత గీసినట్టు చక్కగా చుట్టలు తిరిగి మెరుస్తోంది. మూత మళ్ళీ పెట్టేసింది.

అంటే వండలేదన్నమాట. వండినా కుదరలేదన్నమాట. ఓడిపోయానని చెప్పడానికి మొహం చెల్లక, ఎప్పటిలాగే జిగురు కలుపుకుని వచ్చాడు. ఉద్యోగం పోవడం ఒక ఎత్తు. ఇతన్ని నమ్మి, తడిసిన చూరు కింద నవ్వి, రెండు రోజులుగా అద్దం ముందు ఊరికే నిలబడడం ఇంకో ఎత్తు. పెంకి గిన్నె ఎత్తి, అటు చూడకుండానే ఉన్నదంతా సింకులో బోర్లించి, కుళాయి తిప్పి వదిలింది. ఓడిపోతే పోతాను, నా వంటింట్లో మాత్రం అబద్ధం పెట్టనివ్వను అనుకుంది.

జిగురు లైట్లతో లోపలికి వచ్చాడు. వెనకాలే అత్త, చేతిలో సెల్‌ఫోను.

"సూప్ ఏదండీ?" అన్నాడు.

"మీ జిగురేనా? సింకులో పోశాను."

అతను లైట్లు కింద పెట్టాడు. సింకు దగ్గరికి నడిచి అందులోకి చూశాడు. జాలీ దగ్గర గోధుమ రంగు ఉల్లిపాయ పోగులు నాలుగు మిగిలి ఉన్నాయి.

"అది జిగురు కాదు," అన్నాడు మెల్లగా.

పెంకి ఆ పోగుల్లో ఒకటి వేలితో తీసి చూసింది. మెత్తగా, జిడ్డుగా, తియ్యగా ఉంది. సింకులోది నోట్లో పెట్టుకున్నానన్న సోయి కూడా లేదు ఆమెకు.

"మొదటిది మాడింది," అన్నాడు జిగురు, సింకుకే చెబుతున్నట్టు. "మంట ఎక్కువ పెట్టాను. రెండోది చీజ్ వేశాక మరగనిచ్చాను, తాళ్ళలా సాగింది. మూడోది కుదిరింది. మా వదిన రుచి చూసి ఎవరు వండారని అడిగింది. మీకు చూపిద్దామని పైన క్రీమ్ నేనే చుట్టాను. నాకొచ్చింది అదొక్కటే కదా, చుట్టలు తిప్పడం."

"మరి 'ముట్టుకోకండి' అన్నారెందుకు?" అంది పెంకి.

"ముందు మీరు నా ఎదురుగా తినాలని."

ఇక పెంకి ఏడవలేక, నవ్వలేక అక్కడే నిలబడిపోయింది. జీవితంలో మొదటిసారి ఒకడు వంట చేసి తెస్తే, నోట్లో పెట్టకుండా సింకు పాలు చేసింది. తననెవరూ నమ్మలేదని ఇన్నేళ్ళు కుమిలిపోయిన మనిషి, తను కూడా సరిగ్గా అదే పని చేసింది.

"క్షమించండి," అంది. "నేను చూడకుండానే అనుకున్నాను."

"ఏంటిక్కడ?" అంది అత్త. ఆమెకు సగం అర్థమైంది, ఆ సగమే చాలు. "సూప్ పోతే పోయింది. ఇంకో గిన్నె కలుపు జిగురూ. వెలుగు పోతుంది."

జిగురు ఆమె వైపు తిరిగాడు. చొక్కా చేతులు మోచేతుల దాకా మడుచుకున్నాడు.

"కలుపుతాను మేడమ్. మొదట్నుంచి. ఉల్లిపాయలు కోస్తాను ఇప్పుడు."

"గంటా? మతి పోయిందా?"

"ఉల్లిపాయలు వేగేదాకా కెమెరా తియ్యను."

"వెలుగు పోతుందంటున్నాను."

"పోనివ్వండి."

ఆ ఆఫీసులో అత్తకు ఎదురు మాట్లాడినవాడు ఇంతవరకు లేడు. అత్త మేనకోడలి వైపు చూసింది, ఆ పెంకితనం ఇటు నుంచి అటు ఎప్పుడు పాకిందా అన్నట్టు. పెంకి అప్పటికే చాకు తీసి అతని చేతిలో పెట్టింది.

"నేను ముట్టుకోను," అంది. "కాగితంలో ఉన్నదే చెయ్యండి. నువ్వు కూర్చో అత్తా."

అత్త కూర్చుంది. కూర్చోకపోతే చేసేదేముంది, కెమెరా అతనిది.

జిగురు ఉల్లిపాయలు సన్నగా కోశాడు. కళ్ళ నీళ్ళు కారుతుంటే భుజంతో తుడుచుకున్నాడు. మందపాటి గిన్నెలో వెన్న, చెంచాడు నూనె. ఉల్లిపాయలన్నీ వేసి, చిటికెడు ఉప్పు చల్లి, సన్నటి సెగ పెట్టాడు. మొదట చిటపటలు, తర్వాత నీళ్ళూరి ఉడుకుతున్న శబ్దం. అత్త ఫోన్లో ఎవరికో ఏదో పురమాయిస్తూ, మధ్యలో గడియారం చూసుకుంటూ ఉంది.

"ఇరవై నిమిషాలయింది మేడమ్," అన్నాడు కొంతసేపటికి. "చూస్తారా?"

అత్త లేచి వచ్చి చూసింది. మెత్తబడిన తెల్లటి ఉల్లిపాయలు నీళ్ళలో ఈదుతున్నాయి.

"కవరు మీద లెక్క ప్రకారం ఇప్పటికే పాలు పోసి చీజ్ వేసెయ్యాలి," అన్నాడు. "వెయ్యనా?"

అత్త కళ్ళజోడు సర్దుకుంది. "చిన్న విషయానికి ఇంత రాద్ధాంతం ఏంటర్రా. అటూ ఇటూ కాస్త టైము తేడా వస్తే ఎవరికి నష్టం?"

"నాకు," అంది పెంకి.

పొయ్యి దగ్గరికి వచ్చి అత్తకు ఎదురుగా నిలబడింది.

"నేను మొదటిసారి వండింది ఈ సూపే అత్తా. నీ పత్రిక చూసే వండాను. పది నిమిషాలని రాశావు. కుదరలేదు. తప్పు నీ పుస్తకానిదని ఒక్క క్షణం కూడా అనుకోలేదు, నువ్వు రాశావు కదా మరి. నాకే చేతకాదనుకున్నాను. నాన్న అలాగే అన్నాడు. ఏళ్ళ తరబడి స్టవ్ దగ్గరికి వెళ్ళాలంటే సిగ్గుపడ్డాను. ఇదిగో, ఇతనూ అంతే. కొంప మునగలేదు, నిజమే. కానీ ఏడ్చాను అత్తా. గిన్నె కడుగుతూ ఏడ్చాను."

అత్త ఫోను బల్ల మీద బోర్లా పెట్టింది. మళ్ళీ కూర్చోకుండా పొయ్యి పక్కనే గోడకు ఆనుకుని నిలబడింది.

నీళ్ళు ఇగిరిపోయాయి. ఉల్లిపాయలు తేనె రంగుకు తిరిగాయి. అడుగంటుతున్నప్పుడల్లా జిగురు చెంచాడు నీళ్ళు చల్లి, అడుగు గీకి కలుపుతున్నాడు. ఆ గీకినదే రంగూ రుచీ అని కాగితంలో రాసి ఉంది. వాసన మారింది. ఈసారి పెంకి ముక్కు కూడా మేలుకుంది.

"నీకెందుకయ్యా ఇంత పంతం?" అంది అత్త ఉన్నట్టుండి. "దానిది ఉద్యోగం గొడవ. నీకేమొచ్చింది?"

జిగురు గరిటె ఆపలేదు. వెనక్కి తిరగలేదు.

"ఈవిడ నన్ను నమ్మి ఉద్యోగం పందెం కట్టింది మేడమ్. నన్ను ఇంతవరకు ఎవరూ చెంచాడు నీళ్ళు మరిగించగలనని కూడా నమ్మలేదు. అది ఒకటి." గొంతు సవరించుకున్నాడు. "రెండోది, ఈవిడంటే నాకిష్టం. చాలా ఇష్టం. బురద అన్న రోజు నన్ను తిట్టింది చూడండి, అప్పట్నుంచీ."

పెంకి చెవులు వేడెక్కాయి. అత్త నోరు తెరుచుకుని మేనకోడల్నీ, అతని వీపునూ మార్చి మార్చి చూసింది.

"నాతో చెప్పాల్సింది అత్తతో చెబుతారేంటి?" అంది పెంకి. "అదీ అటు తిరిగి."

"ఇటు తిరిగితే మాడతాయండీ. మాడితే మళ్ళీ మొదటికొస్తుంది. మీ కాగితంలోనే రాశారు, ఆఖర్న కళ్ళు తిప్పొద్దని."

"అబ్బ, ఏం పాటిస్తున్నారండీ కాగితం."

"మీరేమంటారో చెప్పండి ముందు."

"స్టవ్ ఆపాక చెబుతాను," అంది పెంకి. నవ్వు ఆపుకోవడానికి కిటికీ వైపు తిరిగింది. "తొందరగా కావాలంటే వేరే ఎవరినైనా అడగండి."

అత్త పక్కున నవ్వింది. నవ్వి, నవ్వినందుకు చిరాకుపడి, "కలుపవయ్యా, కలుపు," అంది.

గోధుమ రంగు వచ్చింది. చెంచాడు మైదా వేసి పచ్చివాసన పోయేదాకా తిప్పాడు. కూరగాయలు ఉడికించిన నీళ్ళు పోశాడు. మరిగాక సగం తీసి మిక్సీలో తిప్పి, చిక్కగా మళ్ళీ గిన్నెలో కలిపాడు. మిగతా సగం పోగులుగానే వదిలేశాడు. క్రీమ్ పోశాడు. మిరియాల పొడి వేసి, స్టవ్ ఆపేశాడు. ఆపాకే తురిమిన చీజ్ గుప్పెడు గుప్పెడుగా వేసి, ఒకే వైపు తిప్పాడు. అది గీతలు గీతలుగా కరిగి, గిన్నె అంతా ఒక్క రంగయింది.

మొదటి కప్పు పెంకి చేతికిచ్చాడు. ఆమె ఊదుకుని తాగింది. అతను గరిటె పట్టుకునే చూస్తున్నాడు.

ముందు తీపి, తర్వాత చీజ్ ఉప్పదనం, నాలుక మీద పోగులు కరిగిపోతున్న మెత్తదనం. తను వండినదానికంటే బాగుంది. ఆ మాట ఒప్పుకోవడానికి పెంకికి ఒక్క క్షణం పట్టింది.

"నాకంటే బాగా చేశారు," అంది. "ఇంకా, స్టవ్ ఆపేశారు కాబట్టి చెబుతున్నాను. నాకూ ఇష్టమే. చూరు కింద తడిలోకి జరిగారు చూడండి, అప్పట్నుంచీ. కానీ ఒకటి. ఇంకెప్పుడైనా మీరు నాకోసం ఏదైనా తెస్తే, ఇది జిగురు కాదని ముందే చెప్పండి. నా కోపం సంగతి తెలుసు కదా."

"చెబుతాను," అన్నాడతను. ఆ ఒక్క మాట చెప్పడానికి అంత సంతోషం ఎందుకో ఎవరికీ తెలీదు. కప్పు అందుకోబోయిన వేళ్ళు ఆమె వేళ్ళ మీదే ఆగిపోయాయి, ఆమె చెయ్యి వెనక్కి తీసుకోలేదు.

"నాకివ్వరా ఎవరూ?" అంది అత్త.

ఒక కప్పు తాగింది. కప్పు ముందుకు చాపింది. రెండోదీ తాగింది. పైట చెంగుతో కళ్ళజోడు తుడుచుకుంది, ఆవిరి పట్టిందనే అనుకుందాం.

"ఆ పది నిమిషాలు నేను వండి రాసింది కాదే," అంది చివరికి. "అందరూ అలాగే రాసేవాళ్ళు, నేనూ రాశాను. కుదరనివాళ్ళు ఏమనుకుంటారో ఒక్కసారీ ఆలోచించలేదు." కాస్త ఆగి, "జిగురూ, ఫొటో తియ్యి. ఇలాగే తియ్యి. బురదలాగానే ఉండనీ."

"కవరు మీద?" అంది పెంకి.

"గంట పడుతుందనే వేస్తాను. నీ పేరుతో. తొందరగా కావాలంటే వేరేది వండుకోమని కూడా వేస్తాను. ఎవరూ కొనకపోతే మీ ఇద్దరి జీతాల్లో కోస్తాను."

పెంకి వెళ్ళి అత్తను వాటేసుకుంది. "ఆఫీసు టైము ఇది," అంది అత్త, వీపు మీద చెయ్యి వేసి నిమురుతూనే.

కిటికీలో వెలుగు సగం పోయింది. జిగురు ఉన్న వెలుగులోనే, మోకాళ్ళ మీద కూర్చుని కప్పుకు ఫొటో తీస్తున్నాడు. పెంకి అతని పక్కన కూర్చుని, నీడ పడకుండా తెల్ల అట్ట పట్టుకుంది. ఇద్దరూ ఏదో గుసగుసలాడుకుని నవ్వుకుంటున్నారు.

బల్ల మీద ఫోను మోగింది. అత్త తిప్పి చూసి ఎత్తింది.

"చెప్పు అన్నయ్యా... ఆ, అయిపోయింది ట్రయల్... లేదు, రాదు. ఆ కుర్చీలో ఇంకెవరినైనా కూర్చోబెట్టుకో." అటు నుంచి నాన్న గొంతు కాస్త పెరిగింది. అత్త వింటూ, వంటింట్లోకి ఒకసారి చూసింది.

"ఎప్పుడొస్తుందా? వస్తుందిలే. ఈసారి ఇద్దరు వస్తారు. నువ్వు మాత్రం తొందరపెట్టకు."